కవచం విప్పే వేళ

ఫర్హాన్‌ను చంపడానికి వాళ్లకు తుపాకి అవసరం కాలేదు. రుసైల్ ఇండస్ట్రియల్ ఎస్టేట్‌లోని ఒక గోడౌన్‌లో, సోమవారం పొద్దున పదిన్నరకు, వెనక్కి వస్తున్న ఫోర్క్‌లిఫ్ట్ అతన్ని చెక్కపెట్టెల వరుసకేసి అదిమేసింది. డ్రైవర్ దిగి పారిపోయాడు. గోడౌన్ రికార్డుల్లో ఫర్హాన్ స్టోర్ క్లర్క్. అసలు ఉద్యోగం వేరు. నాలుగేళ్లుగా అతను మన గూఢచారి విభాగం మస్కట్ స్టేషన్‌కు ఏజెంట్.

ప్రాణం పోయే ముందు అతని ఫోన్ నుంచి ఒక్క మెసేజ్ వెళ్లింది. "నాలుగో పటం. గురువారం 1:15. పైనుంచి."

ఆ మెసేజ్ అందుకున్నవాడు అప్పుడు అల్ అమెరాత్‌లో సగం కట్టిన విల్లా మీద నిలబడి పరంజా గొట్టాలకు క్లాంపులు బిగిస్తున్నాడు. పేరు రఘుపతి. వయసు నలభై మూడు. జగిత్యాల వైపు మనిషి. ఒకప్పుడు సైన్యంలో కెప్టెన్, ఇప్పుడు ఏజెంట్. ఆర్నెల్లుగా అతని వేషం స్కాఫోల్డింగ్ మేస్త్రీ. వేషం మొదట్లో వేషమే. తర్వాత చేతులకు కాయలు కాశాయి, నడుం వంగింది, పానా లేకుండా చెయ్యి ఖాళీగా అనిపించడం మొదలైంది.

మెసేజ్ రెండుసార్లు చదివి, డిలీట్ చేసి, మధ్యాహ్నం రెండు గంటలకల్లా రూవీలో ఉన్నాడు.

రూవీలో అదొక ట్రావెల్స్ ఆఫీసు. ముందు గదిలో టికెట్ల కౌంటర్. వెనక గదిలో ప్రభాకర్, స్టేషన్ చీఫ్. గోదావరి జిల్లా మనిషి. ఎవరి చావునైనా ఫైలు మందంతో కొలిచే రకం.

"ఫర్హాన్‌ను ఇంటికి ఎప్పుడు పంపుతున్నరు సార్?" రఘుపతి అడిగాడు.

"అది వేరే వాళ్లు చూసుకుంటారయ్యా. మన పని మనం చూద్దాం. కూర్చో."

రఘుపతి కూర్చోలేదు. ప్రభాకర్ టేబుల్ మీద ఒక ఫోటో తోశాడు. "టార్గెట్ ఈయన."

ఫోటో చూడగానే రఘుపతి గుర్తుపట్టాడు. తెల్లమీసం, ఎత్తిపట్టిన గడ్డం, ఎదుటివాడు ఎంత చిన్నవాడో ముందే తేల్చేసుకున్న కళ్లు. జనరల్ సమీయుల్లా. రిటైరయ్యాక ప్రభుత్వ ప్రత్యేక దూత. యుద్ధాలు చేసినవాడే ఇప్పుడు యుద్ధాలు ఆపుతున్నాడని పేపర్లు రాస్తాయి.

పద్నాలుగేళ్ల కిందట ఒక కొండ దారిలో రఘుపతి దళం మీద దాడి జరిగింది. ఇద్దరు జవాన్లు పోయారు. విచారణ గదిలో కెప్టెన్ రఘుపతి టేబుల్ మీది టీకప్పులను కొండలుగా పేర్చి, ఎక్కడ ఎవరు పడిపోయారో చూపిస్తున్నాడు. అధ్యక్షత వహించిన సమీయుల్లా పకపకా నవ్వాడు. "కప్పులతో యుద్ధం చేస్తున్నావా కెప్టెన్?" అన్నాడు. ఆయన నవ్వితే గది మొత్తం నవ్వింది. ఉద్యోగం పోయిన బాధ రెండేళ్లలో తగ్గింది. ఆ నవ్వు మాత్రం ఈ రోజుకీ చెవిలో ఉంది. చనిపోయిన ఇద్దరి పేర్లు చెబుతుండగా నవ్విన నవ్వు అది.

"నీకూ ఆయనకూ పడదని తెలుసు," అన్నాడు ప్రభాకర్. "అందుకే నిన్ను వద్దన్నాను. ఢిల్లీ వినలేదు. ఆ హాల్లో పటాలకు స్టాండ్లు కట్టాలి. లేబర్‌గా లోపలికి పోగలిగినవాడివి నువ్వొక్కడివే."

తర్వాత బ్రీఫింగ్. సరిహద్దు గొడవ మీద రెండు దేశాల రహస్య చర్చలు ఇబ్రా పట్టణంలో జరుగుతున్నాయి. చర్చలకు ముసుగుగా ఒక ఎగ్జిబిషన్ పెట్టారు. గురువారం ఒంటిగంటకు సమీయుల్లా దాన్ని ప్రారంభిస్తాడు, మూడింటికి సంతకాలు. ఆయన చస్తే సంతకాలుండవు. సంతకాలు లేకపోతే సరిహద్దులో మళ్లీ తుపాకులు మోగుతాయి. చర్చలు చెడగొట్టడానికి ఒక విదేశీ ముఠా దిగింది. దాని నాయకుడి అసలు పేరు ఎవరికీ తెలియదు. కోడ్ నేమ్ లూ చీ.

"పటాలు దేని గురించి?"

"పాతకాలం చైనాలో ఎవడో సేనాపతి. ఈయన వాడి మీద పుస్తకం రాశాడు కదా. ఆ పుస్తకంలోంచి ఆరు పటాలు గీయించారు."

రఘుపతికి ఆ పుస్తకం తెలుసు. రెండుసార్లు చదివాడు. నచ్చి కాదు. పగవాడి ఇంటి గోడలు ఎక్కడెక్కడ బీటలు వారాయో చూసుకునేవాడిలా చదివాడు.

ఆ సేనాపతి పేరు గువో జియీ. పన్నెండు వందల ఏళ్ల కిందటి తాంగ్ వంశపు రోజుల మనిషి. సైనిక పరీక్షలో నెగ్గి అంచెలంచెలుగా పైకొచ్చాడు. పెద్ద తిరుగుబాటులో శత్రువుల పాలైన రెండు రాజధానులనూ తిరిగి గెలిచి ఇచ్చాడు. అంతఃపురం ఉద్యోగులు చాడీలు చెబితే చక్రవర్తి అతని చేతిలోంచి సైన్యాన్ని లాగేసుకున్నాడు. మారుమాట లేకుండా ఇంటికి పోయాడు. మళ్లీ ఆపద వస్తే మళ్లీ అతన్నే పిలిచారు, మళ్లీ వచ్చాడు. ఉయ్‌గుర్ గుర్రపు దండు ముంచుకొచ్చినప్పుడు కవచం విప్పేసి, ఈటె పక్కన పడేసి, గుప్పెడు మందితో శత్రువుల మధ్యకే గుర్రం నడిపించాడు. పాత స్నేహితుణ్ణి గుర్తుపట్టి వాళ్లు గుర్రాలు దిగి దండం పెట్టారు. తండ్రి సమాధిని ఎవరో తవ్వేస్తే కూడా పగ పెంచుకోలేదు. మంత్రుల కన్నా పెద్ద హోదా వచ్చాక ఇంటి గేట్లు పగలంతా బార్లా తెరిచి ఉంచేవాడు, దాచుకునేది ఏమీ లేదని అందరూ చూడాలని. నలుగురు చక్రవర్తుల కింద పనిచేసి, ఎనభై దాటాక తన మంచం మీద పోయాడు. సేనాపతులకు అంత సుఖమైన చావు దొరకడం అరుదు.

"నాలుగో పటం కవచం విప్పే పటం," అన్నాడు రఘుపతి. "ఆయన లోపల బుల్లెట్‌ప్రూఫ్ వేసుకుంటడా?"

"వేసుకుంటారు. ఒప్పుకున్నారు."

"నాలుగో పటం ముందర విప్పేస్తడు. ప్రెస్ వాళ్ల ముందట, గువో జియీ లెక్క. కావాల్నంటే రాసుకోండ్రి."

"ఆయనేం పిల్లాడా?"

"అద్దం ముందర నిల్చునే అలవాటున్నోడు సార్."

ప్రభాకర్ వినలేదు. సొరుగులోంచి రెండు పరికరాలు తీశాడు. ఒకటి హాల్లో పెట్టడానికి సిగ్నల్ జామర్. అది ఆన్ చేస్తే రిమోట్ బాంబులు పేలవు. రెండోది లైటర్‌లా కనిపించే ఫ్లాష్. నొక్కితే ఎదుటివాడి కళ్లు పది సెకన్లు పనిచేయవు. "ఇబ్రాలో మన మనిషి జువేరియా. ముఠాలోనే ఉంది, మనకు పనిచేస్తోంది. కోడ్: గేట్లు తెరిచే ఉన్నాయా? జవాబు: మూసింది ఎప్పుడు?"

* * *

బుధవారం పొద్దున ఇబ్రా కాఫీ షాపులో జువేరియా కూర్చున్న తీరు చూస్తే ఆ షాపు ఆమెదే అనుకోవాలి. నల్ల కళ్లద్దాలు, పట్టు అబాయా, గది చివరిదాకా ఊద్ అత్తరు వాసన. ఎగ్జిబిషన్ డిజైనర్ ఆమే. పుట్టింది హైదరాబాద్‌లో, తిరిగింది పదకొండు దేశాల్లో.

"గేట్లు తెరిచే ఉన్నాయా?" అన్నాడు రఘుపతి, సిమెంటు మరకల యూనిఫాంలో నిలబడి.

"మూసింది ఎప్పుడు?" ఆమె ముక్కు చిట్లించింది. "దూరంగా కూర్చో మియా. చెమట వాసన."

"ఫర్హాన్‌ది రక్తం వాసన వచ్చింది. అప్పుడు గూడ ముక్కు మూసుకున్నవా?"

ఆమె కళ్లద్దాలు తీయలేదు. "నేను చంపలేదు."

"ఆపనూ లేదు."

"నీ డ్యూటీ విను. షూటర్ హాల్లో పై గ్యాలరీలో ఉంటాడు. ఒంటిగంట పదిహేనుకు. నీ సార్‌కు చెప్పు, మనుషులందర్నీ గ్యాలరీలో పెట్టమను."

పైనుంచి. ఫర్హాన్ మెసేజ్‌తో సరిపోయింది. అంత చక్కగా సరిపోవడమే రఘుపతికి రుచించలేదు. "లూ చీ ఎట్లుంటడు?"

"ముఖం సగం కాలిపోయింది. తొమ్మిదేళ్ల కింద ఏవో చర్చల్లో అటు పక్క ఉన్నాడు. నీళ్లు తాగుతుంటే పెదవి మూలనుంచి కారాయి. మీ జనరల్ చూసి నవ్వాడు. టేబుల్ అంతా నవ్వింది." ఆమె కప్పు కింద పెట్టింది. "ఈ పని వాడికి డ్యూటీ కాదు. పండగ."

రఘుపతి లేచాడు. ఒక్క క్షణం అతనికి లూ చీ మీద కోపం రాలేదు.

గురువారం తెల్లారాక అతను రూమ్మేట్ లచ్చన్నతో కలిసి హాల్లో ఆరు పటాలకు స్టాండ్లు కట్టాడు. లచ్చన్నకు యాభై ఎనిమిది. ఇరవై రెండేళ్లుగా ఒమన్ ఎండ తిన్నవాడు. జువేరియా వచ్చి నాలుగో పటాన్ని రెండు మీటర్లు ముందుకు, అద్దాల గోడ దగ్గరికి జరపమంది. "వెలుతురు బాగా పడుతుంది," అంది. జరిపారు. బోల్టులు బిగించింది రఘుపతే.

పన్నెండున్నరకు పని ఆపేసి బయటికొచ్చారు. జూలై ఎండ. జూన్ నుంచి ఆగస్టు దాకా పన్నెండున్నర మొదలు మూడున్నర వరకు ఎండలో పని చేయించకూడదు. సర్కారు రూలు. ఒమన్‌లో ఇటుక మోసిన ప్రతివాడికీ ఈ మూడు గంటలు ప్రాణంతో సమానం. ఇద్దరూ గోడ నీడలో అట్టముక్కలు పరుచుకుని టిఫిన్లు విప్పారు. ప్రభాకర్, అతని ఆరుగురు మనుషులు లోపల గ్యాలరీ మెట్ల దగ్గర కాపు కాశారు. ఒంటిగంటకు జనరల్ కారు వచ్చింది. జామర్ ఆన్ అయింది.

లచ్చన్న ముద్ద నోట్లో పెట్టుకోబోయి ఆగి, రోడ్డుకు అవతల సగం కట్టిన మూడంతస్తుల బిల్డింగ్ వైపు చూశాడు. దాని పరంజా మీద ముగ్గురు కనిపిస్తున్నారు.

"గాళ్లకు ఏం పుట్టిందిరా తమ్మీ? రెస్ట్ టైంల పని జేస్తుండ్రు."

"ఎవలు?"

"గా బిల్డింగ్ మీద సూడు. ఇద్దరు బ్లాకులు అందుకుంటుండ్రు. పైన ఒకడు పండుకున్నడు. గొట్టం పట్టుకుంటే చెయ్యి అంటుకపోతది ఈ ఎండల. ఏ కంపెనీ పంపిచ్చిందో గని, మనుషులేనా?"

రఘుపతి చేతిలో రొట్టె అలాగే ఉండిపోయింది. యూనిఫాం సరిగానే ఉంది. హెల్మెట్లు సరిగానే ఉన్నాయి. ముఠావాళ్లు ఫోటోలు చూసి అన్నీ కొన్నారు, బూట్లతో సహా. ఫోటోల్లో లేనిది ఒక్కటే. జూలైలో ఒంటిగంటకు ఒమన్‌లో ఏ లేబరూ పరంజా మీద ఉండడు. అది వాళ్లకు చెప్పేవాళ్లు లేకపోయారు. ఏనాడైనా ఒళ్లొంచి పనిచేసి ఉంటే తెలిసేది.

పైనుంచి. గ్యాలరీ కాదు. అద్దాల గోడ, రెండు మీటర్లు ముందుకు జరిపిన పటం, తన చేత్తోనే బిగించిన బోల్టులు. "అమ్మ జువేరియా," అని పళ్లు నూరాడు.

ఫోన్ తీశాడు. సిగ్నల్ లేదు. జామర్! విభాగం కొన్న ఖరీదైన పరికరం విభాగం ఏజెంట్ నోరే నొక్కేసింది. టైం 1:06. హాలు గేటు దగ్గర సెక్యూరిటీ లేబర్‌ను లోపలికి రానివ్వదు, అడిగి లాభం లేదు.

అప్పుడు అతను కదలలేదు. ఉన్నమాట చెప్పాలి. ఎనిమిది సెకన్లో పదో, గోడకు వీపు ఆనించి అలాగే కూర్చున్నాడు. ఎవరూ అడగరు. స్టేషన్ చీఫ్ గ్యాలరీ అన్నాడు, ఏజెంట్ అన్నం తింటున్నాడు, జనరల్ పోయాడు. టీకప్పులు, పకపక నవ్వు. పోనీ, అనుకున్నాడు. పోతే పోనీ.

తర్వాత ఫర్హాన్ గుర్తొచ్చాడు. నడుం నలిగిపోతుంటే మూడు ముక్కలు టైప్ చేసిన వేళ్లు గుర్తొచ్చాయి. సంతకాలు లేకపోతే మళ్లీ ఏ కొండ దారిలోనో ఇద్దరు పడిపోతారని, వాళ్ల పేర్లు చెప్పడానికి మళ్లీ ఎవడో కప్పులు పేర్చాలని గుర్తొచ్చింది.

"లచ్చన్నా, రోడ్డు మూలకు ఉరుకు. ఆడ సిగ్నల్ ఉంటది. లేబర్ ఇన్‌స్పెక్షన్ నంబర్ ఉన్నదిగదా నీ దగ్గర?"

"ఎందుకుండదు? పోయిన యేడు మా ఫోర్‌మన్ మీద కంప్లైంట్ ఇచ్చింది నేనే."

"చెయ్. రెస్ట్ టైంల పని జేపిస్తుండ్రని చెప్పు. మనిషి పడిపోయిండని గూడ చెప్పు."

"ఎవడు పడ్డడు?"

"ఇగ పడ్తడు."

* * *

బిల్డింగ్ కింద ఇంజన్ ఆపని కారులో జువేరియా ఉంది. అతన్ని చూడగానే కిటికీ దించింది. చేతి సంచిలోంచి చిన్న పిస్తోలు బయటికొచ్చింది.

"వెనక్కి పో మియా. నీకూ వాడంటే పడదు. ఎవరి కోసం చస్తావ్?"

రఘుపతి లైటర్ నొక్కాడు. ఇబ్రా ఎండలో ఆ మెరుపు అగ్గిపుల్ల వెలిగించినంత కూడా లేదు. పైగా ఆమెకు నల్ల కళ్లద్దాలు. విభాగాన్ని తిట్టుకుంటూ హెల్మెట్ తీసి విసిరాడు. అది ఆమె మణికట్టుకు తగిలి పిస్తోలు సీటు కిందికి జారింది. కారు తాళాలు లాక్కుని పక్కనున్న ఎండిన వాగులోకి విసిరేశాడు. హెల్మెట్ ఏరుకుని తలకు పెట్టాడు, ఇసుకలో ఉన్న సిమెంటు బకెట్టు భుజానికెత్తుకుని నిచ్చెన ఎక్కాడు.

మొదటి అంతస్తులో ఇద్దరు నకిలీ కూలీలు అడ్డొచ్చారు.

"అర్బాబ్ నే భేజా," అని వాళ్ల ముఖం మీదే విసుక్కుని రఘుపతి పైకి సాగాడు. యజమాని పంపాడంటే ఏం చేయాలో వాళ్లకు ఎవరూ నేర్పలేదు. ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. వాళ్లు తేల్చుకునేలోగా అతను రెండో అంతస్తు దాటాడు. గొట్టాలు నిప్పులా ఉన్నాయి. చేతి తొడుగుల్లోంచి కూడా చర్మం చురుక్కుమంది.

పై పలక మీద ఒకడు బోర్లా పడుకుని ఉన్నాడు. రైఫిల్ గొట్టానికి గోనెసంచి చుట్టాడు. తల తిప్పాడు. సగం ముఖం మామూలు మనిషిది. సగం కరిగి గట్టిపడ్డ మైనంలా ఉంది.

"కెప్టెన్ రఘుపతి," అన్నాడు లూ చీ, శుభ్రమైన ఇంగ్లీషులో. తెల్లబోయిన రఘుపతిని చూసి సంతోషించాడు. "నీ ఫైలు చదివాను. టీకప్పులు. నిన్ను చూసి నవ్వాడు, నన్ను చూసి నవ్వాడు. రెండు నిమిషాలు కూర్చో. నువ్వేం చేయనక్కర్లేదు."

అవతల, అద్దాల వెనక, సమీయుల్లా నాలుగో పటం ముందు ఆగాడు. కెమెరాల వైపు తిరిగాడు. కోటు విప్పి సహాయకుడికిచ్చాడు. తర్వాత, అచ్చం రఘుపతి చెప్పినట్టే, బుల్లెట్‌ప్రూఫ్ పట్టీలు ఊడదీయడం మొదలుపెట్టాడు. చప్పట్లు వినబడకపోయినా చేతులు కనబడుతున్నాయి.

"చూశావా?" లూ చీ కన్ను స్కోప్‌కు ఆనింది. "ఆ పుస్తకం ఇద్దరమే సరిగ్గా చదివాం. నువ్వూ నేనూ."

"నిజమే," అన్నాడు రఘుపతి. "పరంజా మాత్రం నీకు రాదు."

నడుం దగ్గరి పానా అప్పటికే క్లాంపు మీద ఉంది. ఆ పలకను మోసే అడ్డ గొట్టం అంతా ఆ ఒక్క క్లాంపు మీదే ఆగింది. కట్టినవాడు రెండోది బిగించలేదు. అల్ అమెరాత్‌లో అలా కడితే మేస్త్రీ చెంప పగలగొట్టేవాడు. ఒక మెలిక. రెండు. సమీయుల్లా ఆఖరి పట్టీ లాగాడు. మూడో మెలికకు గొట్టం జారింది, పలక ఒక పక్కకు ఒరిగింది, రైఫిల్ పేలింది.

తూటా అద్దం పగలగొట్టుకుని నాలుగో పటంలో గువో జియీ గుర్రం చెవిలోంచి దూసుకుపోయింది. లూ చీ మూడంతస్తులు జారి కింద ఇసుక కుప్ప మీద పడ్డాడు. కాలు విరిగింది. రఘుపతి గొట్టానికి వేలాడుతూ, అరచేతులు కాలుతుంటే, తనకు తెలిసిన తెలుగు బూతులన్నీ వరసగా తిట్టాడు.

ముందుగా వచ్చింది పోలీసులు కాదు, ప్రభాకర్ అసలే కాదు. దగ్గర్లోనే తనిఖీల్లో ఉన్న లేబర్ ఇన్‌స్పెక్టర్లు, తెల్ల జీపులో. వాళ్లు రోడ్డుకు అడ్డంగా జీపు ఆపి, పారిపోబోతున్న ఇద్దరు నకిలీ కూలీలను పట్టుకుని, "ఈ టైంలో పని చేయమన్నది ఎవరు? కార్డులు చూపించండి," అని నిలదీశారు. కార్డులు చూపలేక నిలబడ్డవాళ్లను పది నిమిషాల తర్వాత వచ్చిన పోలీసులు తీసుకెళ్లారు. తాళాల కోసం వాగులో రాళ్లు తిరగేస్తున్న జువేరియాను కూడా.

* * *

మూడింటికి సంతకాలయ్యాయి. నాలుగింటికి, రెండు చేతులకూ కట్లున్న ఒక మేస్త్రీని సమీయుల్లా తన గదికి పిలిపించాడు. ప్రభాకర్ పక్కన నిలబడి, ఆపరేషన్ తనదే అన్నట్టు గొంతు సవరించుకున్నాడు.

సమీయుల్లా చాలాసేపు చూశాడు. "నిన్నెక్కడో చూశాను."

"టీకప్పులు, సర్."

ముసలాయన మెడ ఎర్రబడింది. క్షమించమని అనలేదు. ఆ మాట ఆయనకు అలవాటు లేదు.

"మీ పుస్తకంల ఏడు అధ్యాయాలున్నయి సర్," అన్నాడు రఘుపతి. "పటాలు ఆరే గీయించిండ్రు. ఏడోది ఎందుకు వదిలేసిండ్రు?"

"ఏడోదా? అది చిన్న కథ. గోడ మీద చోటు చాల్లేదు."

"లూ చీ అని ఒక అధికారి గువో జియీని చూడటానికొస్తడు. మొఖం బాగుండదు. గువో జియీ ఇంట్ల ఆడవాళ్లందర్నీ లోపలికి పంపిస్తడు. ఎందుకంటే వాళ్లు చూస్తే నవ్వుతరు. వాడు రేపు పెద్దోడైతే ఆ నవ్వుకు ఇల్లంత నరుకుతడు." అతను ఆగాడు. "మిమ్మల్ని చంపనీకి వచ్చినోడు ఆ పేరు ఊరికే పెట్టుకోలేదు."

సమీయుల్లా కిటికీ వైపు తిరిగాడు. చెప్పాల్సింది చెప్పేసరికి రఘుపతికి పద్నాలుగేళ్ల బరువు కొంచెం దిగింది. మొత్తం కాదు.

వాతావరణం తేలిక చేద్దామని కాబోలు ప్రభాకర్ ఒక కాగితం ముందుకు జరిపాడు. లేబర్ ఇన్‌స్పెక్టర్ల రిపోర్టు కాపీ. విభాగం పేరు బయటికి రాకూడదు గనక ఈ మిషన్‌కు మిగిలిన రికార్డు అదొక్కటే. అందులో రఘుపతి గురించి ఒకే వాక్యం ఉంది: విశ్రాంతి వేళలో నిబంధనకు విరుద్ధంగా పరంజా ఎక్కిన కార్మికుడు, మొదటి తప్పుగా భావించి హెచ్చరించడమైనది.

జనరల్‌కు నవ్వొచ్చింది. భుజాలు కదిలాయి, నోరు తెరుచుకుంది. ఎదురుగా నిలబడ్డ మనిషి ముఖం చూసి సగంలో ఆపుకున్నాడు.